ఇరవై ఎనిమిదో పేరు

యూలాలీ కబ్రోల్ చేతికి డోలు రావడానికి కారణం ఆమె మొగుడి నోరు పడిపోవడం.

ఫెర్రియోల్ కబ్రోల్ ఇరవై రెండేళ్ళపాటు రోక్‌బ్రాక్ అనే ఫ్రెంచి పల్లెలో దండోరా వేశాడు. చేపల బండి వచ్చిందన్నా, కాలవ నీళ్ళు ఇవాళ ఎవరి తోటకన్నా, ద్రాక్ష కోతలు ఏ రోజు మొదలన్నా, ఊరికి ఆయన గొంతే దిక్కు. 1914 ఏప్రిల్‌లో ఒకనాటి పొద్దున బూట్లు తొడుక్కుంటూ తొడుక్కుంటూ పక్కకి ఒరిగిపోయాడు. ప్రాణం దక్కింది. కుడిచెయ్యి, మాట, రెండూ పోయాయి. కిటికీ పక్క కుర్చీలో కూర్చుని వీధిలోకి చూస్తూ ఉండేవాడు. ఏదైనా కావాలంటే ఎడంచేత్తో గోడ మీద కొట్టేవాడు.

మేయర్ గోంబెర్ గారు దస్తావేజులు రాసుకునే ముసలాయన. వారం రోజులు ఆగి యూలాలీని పిలిపించాడు.

"నీకు చదువొచ్చు కదమ్మా. ఫెర్రియోల్ కోలుకునేదాకా నువ్వే వెయ్యి దండోరా."

"ఆడదాన్ని డోలు కట్టుకుని చౌరస్తాలో నిలబడితే నవ్వరా అండీ?"

"నవ్వనీ. నవ్వుతూనే వింటారు."

నవ్వారు. ముఖ్యంగా బట్టలుతికే రేవులో నవ్వారు. యూలాలీ మూట దించీ దించగానే ఫిలొమెన్ బార్త్ అందుకుంది.

"ఏమే, ఇంట్లో మొగుడి వీపు మీద వాయించింది చాల్లేదా? ఊరి మీద పడ్డావు?"

"నీకు మొగుడు కూడా లేడుగా. నీ వీపు ఇటు తిప్పు, చేతి తీట తీరుద్ది."

రేవంతా గొల్లుమంది. ఫిలొమెన్‌ని అంతమాట అనగలిగింది యూలాలీ ఒక్కతే. ఇద్దరూ ఒకే ఏడు పుట్టారు, ఒకే సన్యాసినుల బడికి వెళ్ళారు. రెండో ఏటికే ఫిలొమెన్‌ని బడి మానిపించి ద్రాక్షతోటల్లో పనికి పంపారు. అందుకని ఆమెకి అక్షరాలు రాలేదు, ఇంట్లో మాట్లాడే భాష తప్ప కాగితాల ఫ్రెంచి కూడా రాలేదు. మొగుడు సారా పీపా మీదపడి పోయాక, ఒక్కగానొక్క కొడుకు సెలెస్తిన్‌ని కూలికెళ్ళి పెంచింది. వాడు ఆ ఏడు ఇరవైయొక్కటో ఏట పడ్డాడు. పొడుగ్గా, సిగ్గరిగా ఉండేవాడు. యూలాలీకి పిల్లల్లేరు. వాడు ఆమె వంటింట్లోకి నేరుగా వచ్చి, కుండ మీద మూత తీసి చూసేవాడు.

ఆగస్టు ఒకటో తేదీ సాయంత్రం చర్చి గంట ఆగకుండా మోగింది. ఎక్కడో నిప్పంటుకుందనుకుని ఆడవాళ్ళు బకెట్లతో పరిగెత్తుకొచ్చారు. చౌరస్తాలో యూలాలీ డోలు వాయించి, మేయర్ ఇచ్చిన కాగితం ఫ్రెంచిలో చదివింది. తర్వాత అలవాటు ప్రకారం ఇంటి భాషలో చెప్పాలి. ఆ కాగితంలో ఉన్న పెద్ద మాటకి ఇంటి భాషలో మాటే లేదు. కాసేపు తడుముకుని, "మగాళ్ళందరూ వెళ్ళాలంట. యుద్ధానికి," అంది. బకెట్లు పట్టుకున్న ఆడవాళ్ళు అలాగే నిలబడిపోయారు. ఆ రోజు ఆమెని చూసి ఎవరూ నవ్వలేదు.

సెప్టెంబరులో ద్రాక్షపళ్ళు ముసలివాళ్ళూ ఆడవాళ్ళూ కలిసి కోశారు. ఆ నెలలోనే మొదటి చావు కబురు వచ్చింది. మేయర్ నల్లకోటు తొడుక్కుని తనే వెళ్ళాడు. అలా నాలుగిళ్ళకి వెళ్ళాడు. ఐదో ఇంట్లో పీపాలు చేసే ఆయన మేయర్ కోటు కాలర్ పట్టుకుని, "మా వాణ్ణి పంపమని సంతకం పెట్టింది నువ్వే కదా! తెచ్చివ్వు వాణ్ణి!" అని గోడకేసి నెట్టాడు. మేయర్ ఇంటికొచ్చి మంచమెక్కాడు. మూడో రోజు యూలాలీని పిలిచాడు.

"ఇక నా వల్ల కాదమ్మా. ఈ కబుర్లు కూడా నువ్వే తీసుకెళ్ళు."

"అయ్యా, దండోరా వేరు, ఇది వేరు."

"తెలుసు. కానీ నువ్వు చెప్తే వాళ్ళ భాషలో చెప్తావు. నేను చెప్తే ప్రభుత్వం చెప్పినట్టుంటుంది."

ఆ మాటకి ఎదురు చెప్పలేక ఒప్పుకుంది.

డోలు ఇంట్లో పెట్టి, నల్ల శాలువా కప్పుకుని వెళ్ళేది. మొదట్లో కుశలప్రశ్నలతో మొదలుపెట్టేది. అది తప్పని రెండిళ్ళకే తెలిసింది. గుమ్మంలోనే, నిలబడే, మొదటి మాటలోనే చెప్పెయ్యాలి. చెప్పాక వాళ్ళు పొమ్మనేదాకా ఉండాలి. పొమ్మంటే మారుమాట లేకుండా పోవాలి.

కొన్నాళ్ళకి ఆమె శాలువా కనిపిస్తే చాలు, ఆ వీధిలో కిటికీ రెక్కలు టపటపా మూసుకునేవి. "మా ఇల్లు దాటిపో తల్లీ, దాటిపో," అని తలుపు వెనకనుంచి ఎవరో గొణుగుతుంటే వినబడేది. దారప్పోగు కొనడానికి వెళ్ళాలన్నా, కొడుకులున్న ఇళ్ళ ముందునుంచి పోకుండా ఊరి గోడ వెంబడి చుట్టూ తిరిగి వెళ్ళేది. రేవులో ఆమె పక్కన బండ ఖాళీగా ఉండిపోయేది. ఒక్క ఫిలొమెన్ మాత్రం తన మూట తెచ్చి ఆ బండ మీదే ధడాలున పడేసేది.

"ఏం, భయం లేదా నేనంటే?" అని అడిగింది ఒకసారి యూలాలీ.

"నువ్వు తెస్తే వస్తుందా, తేకపోతే ఆగుతుందా? సబ్బు ఇటు పడెయ్."

1917 జూన్ మధ్యలో పిలుపొచ్చింది. మేయర్ కిటికీ దగ్గర నిలబడి ఉన్నాడు, వెనక్కి తిరగలేదు. బల్ల మీద కాగితం ఉంది. అది మామూలుగా వచ్చే కాగితంలా లేదు. యూలాలీ చదివింది. రెండోసారి చదివింది. సెలెస్తిన్ బార్త్. సైనిక న్యాయస్థానం. శత్రువు ఎదుట ఆజ్ఞ ధిక్కరించిన నేరం. మరణశిక్ష. అమలు జరిగింది.

"మనవాళ్ళే కాల్చేశారా?" అంది.

మేయర్ వెనక్కి తిరగకుండానే తలూపాడు.

"ఆమెకేం చెప్పాలయ్యా?"

"నాకు తెలియదు యూలాలీ," అన్నాడు ముసలాయన. "దేవుడి సాక్షిగా నాకు తెలియదు."

ఫిలొమెన్ గడప మీద కూర్చుని బఠాణీలు ఒలుస్తోంది. శాలువా చూసి చేతులు ఆపింది. తలుపు మూసుకోలేదు. "చెప్పు," అంది.

వీధిలో నడిచొచ్చినంతసేపూ యూలాలీ ఏమీ నిర్ణయించుకోలేదు. నోరు తెరిచాకే మాట దానంతటదే వచ్చింది.

"తుపాకీ గుండు తగిలింది ఫిలొమెన్. పోయాడు."

"బాధపడ్డాడా?"

"లేదు. వెంటనే పోయాడు."

"ఒక్కడే ఉన్నాడా?"

"లేదు. తోటివాళ్ళున్నారు పక్కనే."

ఒక్కొక్క మాటా విడిగా చూస్తే అబద్ధం కాదు. అది తల్చుకున్నప్పుడల్లా తర్వాత యూలాలీకి ఒళ్ళు జలదరించేది. ఫిలొమెన్ పెద్దగా ఏడవలేదు. ఒళ్ళో ఉన్న గింజలు ఒక్కటొక్కటే గిన్నెలో వేసి, కాగితం ఇమ్మని చెయ్యి చాపింది. "అది ఆఫీసులో ఉండాలి," అంది యూలాలీ. అదొక్కటి మాత్రం నిలువునా అబద్ధం. కాగితం యూలాలీ రవికలోనే ఉంది.

ఆదివారం చర్చిలో సెలెస్తిన్ పేరున ప్రార్థన జరిగింది. ఫాదర్‌కి అసలు సంగతి తెలియదు. మేయర్‌కి తెలుసు, అయినా ముందు వరసలో కూర్చున్నాడు.

ఆ తర్వాత అబద్ధం తనంతట తనే పెరిగింది. రేవులో ఎవరైనా తమ బిడ్డ సంగతి ఎత్తితే ఫిలొమెన్ తల నిటారుగా పెట్టి, "మావాడు ఎదురెళ్ళి పోయాడమ్మా. వీపు చూపలేదు. అంతేగా యూలాలీ? నువ్వే చెప్పావుగా," అనేది. యూలాలీ తలూపి, నీళ్ళలోకి వంగి, ఉతికిన బట్టే మళ్ళీ ఉతికేది. కొడుకు పోయిన తల్లులకిచ్చే పింఛను కోసం ఫిలొమెన్ పెట్టుకున్న దరఖాస్తు తిరిగొచ్చింది. జవాబు చదివిపెట్టమంది. "ఇంకా విచారిస్తున్నారట," అంది యూలాలీ. కాగితంలో ఉన్నది "అర్హత లేదు" అని. రెండోసారి వచ్చిన జవాబుకీ అదే మాట చెప్పింది.

యుద్ధం ముగిసింది. దేశం కోసం ప్రాణమిచ్చాడని రాసిన సైనిక కాగితాలు ఇరవైయేడు ఇళ్ళకి వచ్చాయి, ఫిలొమెన్ ఇంటికి మాత్రం ఏదీ లేదు. 1919 వసంతంలో ఫుల్క్రాన్ మజేల్ తిరిగొచ్చాడు. రాళ్ళు కొట్టేవాళ్ళ ఇంటి కుర్రాడు, ఎడంచెయ్యి మోచేతి పైకంటా లేదు. సెలెస్తిన్ ఉన్న దళంలోనే వాడూ ఉన్నాడు. ఒకనాడు యూలాలీ ఏటి గట్టున మేకకి గడ్డి కోస్తుంటే వచ్చి పక్కన కూర్చున్నాడు.

"ఫిలొమెనత్తకి నువ్వేం చెప్పావో విన్నాను."

యూలాలీ కొడవలి ఆపింది.

"ఆ కొండ మీదికి మూడుసార్లు పంపారు మమ్మల్ని," అన్నాడు ఏటికేసి చూస్తూ. "మొదట నూట ఎనభైమందిమి. మూడోసారి దిగొచ్చేసరికి నలభై. నాలుగోసారి ఎక్కమన్నారు. ఎవరం లేవలేదు పిన్నీ, ఒక్కడూ లేవలేదు. అందర్నీ కాల్చలేరుగా. ముగ్గుర్ని ఏరారు. సెలెస్తిన్ పొడుగు కదా, కనబడ్డాడు."

"నువ్వక్కడే ఉన్నావా?"

"వరసగా నిలబెట్టి చూడమన్నారు."

యూలాలీ కోసిన గడ్డి మోపు కట్టడం మొదలుపెట్టింది. ఫుల్క్రాన్ లేచాడు. "నేనైతే నోరు విప్పను. కానీ చచ్చిపోయినవాళ్ళ పేర్లు రాయి మీద చెక్కిస్తారంట. అప్పుడేం చేస్తావో చూసుకో."

మరుసటేడు స్మారక సంఘం ఏర్పడింది. మందుల షాపు ఎస్కాండ్ గారు దానికి అధ్యక్షుడు. గోంబెర్ గారు పదవి దిగిపోయాక ఊళ్ళో మాట చెల్లేది ఆయనదే. ఫిలొమెన్ తన రెండు బాతుల్ని ఇచ్చి చందా వేసుకుంది. జాబితా తయారయ్యాక, పేర్లలో అక్షరదోషాలుంటే ఇంటివాళ్ళు చెప్పాలని, ఆదివారం చౌరస్తాలో చదివించాలని తీర్మానించారు. శుక్రవారం కాగితం యూలాలీ చేతికొచ్చింది. ఇరవైయేడు పేర్లు. 'బార్త్' లేదు.

తిన్నగా మందుల షాపుకి వెళ్ళింది.

"అయ్యా, ఒక్క పేరు. ఎవరడుగుతారు? ఆ తల్లి కోసం."

ఎస్కాండ్ సీసాలు సర్దుతూనే ఉన్నాడు. "మా గస్తాన్ ఇరవై ఏళ్ళకి ముళ్ళకంచె మీద వేలాడి పోయాడు యూలాలీ. రెండు రోజులు దించేవాళ్ళు లేరు. వాడు వెళ్ళమన్నచోటికి వెళ్ళాడు. వెళ్ళనన్నవాడి పేరు వాడి పక్కన చెక్కమంటావా?"

"వాడూ మూడుసార్లు వెళ్ళాడు కదయ్యా."

ఎస్కాండ్ చేతిలోని సీసా అరలో పెట్టాడు. "మా వాడికి నాలుగోసారి లేదు," అని లోపలికి వెళ్ళిపోయాడు.

ఆయన దుర్మార్గుడైతే యూలాలీకి సులువయ్యేది. కోపం తెచ్చుకుందామన్నా రాలేదు.

శనివారం మధ్యాహ్నం ఫిలొమెన్ ఇంటికి వెళ్ళింది. ఫిలొమెన్ మర్నాటి కోసం నల్లగౌను ఇస్త్రీ చేస్తోంది. బొగ్గుల పెట్టె వేడికి ముఖం ఎర్రగా ఉంది.

"వచ్చావా, ఈ తెల్ల కాలర్ చూడు, పసుపెక్కిందా?"

"ఫిలొమెన్, రేపటి జాబితాలో మనవాడు లేడు."

"మర్చిపోయుంటారు. చెప్పు వాళ్ళకి."

"మర్చిపోలేదు."

ఆ తర్వాత ఉన్నదంతా చెప్పింది. కూర్చోకుండా, నిలబడే చెప్పింది. ఫిలొమెన్ ఇస్త్రీపెట్టె గౌను మీద నుంచి తీసి జాగ్రత్తగా పొయ్యి గట్టు మీద పెట్టింది.

"కాయితం ఏది?"

మూడేళ్ళుగా దాచడంతో మడతల దగ్గర చినిగిన కాగితం యూలాలీ బయటికి తీసింది.

"చదువు. ముందు వాళ్ళ భాషలో చదువు. తర్వాత మన భాషలో."

చదివింది. 'అమలు జరిగింది' అన్నచోట ఆగితే, ఫిలొమెన్ వేలితో కాగితం చూపించి కానిమ్మంది. మొత్తం అయ్యాక బల్ల అంచు పట్టుకుని కూర్చుంది.

"ఊళ్ళో ఎంతమందికి తెలుసు?"

"ముసలి మేయరుకి. ఫుల్క్రాన్‌కి. ఇప్పుడు సంఘంలోవాళ్ళకి."

"రేవులో నేను గొప్పలు పోతుంటే నువ్వు తలూపావు."

"నిన్ను కాపాడదామని..."

"నన్నా? మూడేళ్ళు నేనేడ్చింది ఎవరికోసమే? నువ్వు తయారుచేసినవాడి కోసం. నా కొడుకు కట్టేసిన చేతులతో నిలబడితే, వాడికోసం ఒక్క పూట కూడా ఏడవనివ్వలేదు నువ్వు. ఇక్కడ వాళ్ళమ్మకి కూడా తెలియకుండా, వాడొక్కడే పడున్నాడు మూడేళ్ళు!"

ఫిలొమెన్ కాగితం లాక్కుని, తలుపు తెరిచి పట్టుకుంది.

ఆదివారం పూజ అయ్యాక చౌరస్తా నిండిపోయింది. ఫిలొమెన్ రాలేదు. ఉత్తరపు గాలి కాగితాన్ని ఎగరగొడుతుంటే యూలాలీ రెండు చేతులా పట్టుకుని చదివింది. ఒక్కో పేరు దగ్గరా ఒక్కో తల కిందికి వంగింది. మొదటి ఐదిళ్ళు తప్ప ఆ గుమ్మాలన్నిట్లోనూ తను నిలబడినదే. ఇరవైయేడూ అయ్యాయి. సంఘంవాళ్ళు టోపీలు పెట్టుకోబోతున్నారు. ఆమె కాగితం మడిచి, ఇంటి భాషలో గట్టిగా అంది:

"ఇంకొకడున్నాడు. సెలెస్తిన్ బార్త్, ఫిలొమెన్ కొడుకు, ఇరవైమూడేళ్ళు. వాడు జర్మన్ల గుండుతో పోలేదు. మనవాళ్ళే కాల్చారు, నాలుగోసారి కొండెక్కనన్నందుకు. వాడి తల్లికి నేను అబద్ధం చెప్పాను. నిన్నటిదాకా ఆమెకి తెలియదు. ఆమె మిమ్మల్ని మోసం చెయ్యలేదు."

గోల పుట్టింది. "దింపండి దాన్ని!" అని ఎవరో, "పిరికివాడి పేరు మా పిల్లలతో కలుపుతావా?" అని ఇంకెవరో అరిచారు. పీపాలు చేసే ఆయన, ఒకప్పుడు మేయర్ కాలర్ పట్టుకున్నాయన, "నోర్ముయ్యండి, అందరూ!" అని ఎవరిమీదో తెలియకుండా గావుకేక పెట్టాడు. ఫుల్క్రాన్ గుంపు మధ్యలో టోపీ తీసి నిలబడ్డాడు. పక్కనున్నవాడు వాడి భుజం మీద కొట్టి పెట్టుకోమన్నా పెట్టుకోలేదు. ఎస్కాండ్ మాత్రం భార్య చెయ్యి పట్టుకుని, గుంపు చీల్చుకుంటూ ఇంటికి వెళ్ళిపోయాడు.

వారంలో డోలు అప్పజెప్పమని ఉత్తర్వు వచ్చింది. తీసుకోవడానికి వచ్చిన ఆఫీసు బంట్రోతు చేతికి ఫెర్రియోల్ దాన్ని ఇవ్వనివ్వలేదు. ఎడంచేత్తో పట్టీ పట్టుకుని, గొంతులో ఏదో శబ్దం చేస్తూ పెనుగులాడాడు. యూలాలీ వచ్చి ఒక్కొక్క వేలూ విడదీయాల్సి వచ్చింది. ఆ చలికాలమే ఆయన పోయాడు. ఆమె ఆలివు కాయలు ఏరడానికీ, ఇళ్ళల్లో బట్టలుతకడానికీ వెళ్ళి పొట్ట పోసుకుంది. స్మారకం లేచింది, ఇరవైయేడు పేర్లతో.

నిజం తెలిశాక ఫిలొమెన్ మొదట వెళ్ళింది ఫుల్క్రాన్ దగ్గరికేనని యూలాలీకి తర్వాత తెలిసింది. చివర్లో సెలెస్తిన్ ఏమైనా అన్నాడా అని అడిగిందట. "బూట్లు కొత్తవి, ఎవరికైనా ఇవ్వండి అన్నాడత్తా," అని చెప్పాడట ఫుల్క్రాన్. అది విని ఆమె వాడి గడప మీదే కూలబడి, చీకటిపడేదాకా ఏడ్చిందట.

రెండేళ్ళపాటు ఇద్దరికీ మాటల్లేవు. వీధిలో ఎదురైతే ఫిలొమెన్ పక్కసందులోకి తిరిగేది. 1922 శరత్కాలంలో ఒక సాయంత్రం వచ్చి యూలాలీ వంటింటి గుమ్మంలో నిలబడింది.

"పారిస్‌కి ఉత్తరం రాయాలి. వాడి కేసు మళ్ళీ చూడమని. నేను మర్చిపోయాననుకోకు. నీకు రాయడం వచ్చు, అందుకొచ్చాను."

"కూర్చో. కాఫీ పెడతా."

"కాఫీ వద్దు. రాయి."

అలా ఏటా ఒక ఉత్తరం రాశారు. జవాబులన్నీ కాదనే వచ్చాయి. యూలాలీ ప్రతి జవాబునీ రెండు భాషల్లోనూ ఉన్నదున్నట్టు చదివేది. ఫిలొమెన్ వినేది, కాగితం మడిచి జేబులో పెట్టుకునేది, వెళ్ళిపోయేది. నాలుగో ఏట కూర్చుంది. ఏడో ఏట కాఫీ తాగింది. వెనకటి వేళాకోళాలు మాత్రం తిరిగి రాలేదు. యూలాలీ ఒకసారి ఏదో అని నవ్వించబోతే, ఆమె ఖాళీగా చూసి ఊరుకుంది.

1931 జనవరిలో ఫిలొమెన్ న్యుమోనియాతో పోయింది. మరుసటేడు, సైనిక శిక్షల్ని తిరగదోడే న్యాయస్థానం ఒకటి పెట్టారని ఫుల్క్రాన్ పత్రికలో చదివి పరుగున వచ్చాడు. యూలాలీ ఆ రోజే దరఖాస్తు రాసింది. రక్తసంబంధీకులు పెట్టుకోవాలని జవాబొచ్చింది. బెజియే పట్నంలో ఫిలొమెన్ అక్క కూతురు ఉందని తెలిసి, రైలెక్కి వెళ్ళింది. ఆవిడ ఆమెని లోపలికి కూడా రానివ్వలేదు. "మా పిల్లలు పెళ్ళికెదిగారు. ఆ పేరు మాకంటించకండి," అంది.

తిరిగొచ్చి రెండు రోజులు ఇంట్లోంచి కదల్లేదు. మూడో రోజు ఫుల్క్రాన్ ఇంటికి వెళ్ళింది.

"ఉలి పట్టుకోగలవా?"

"ఉలి పట్టుకుంటే సుత్తెవరు కొడతారు పిన్నీ? నాకున్నది ఒక్క చెయ్యి."

"అయితే నువ్వు సుత్తి కొట్టు. ఉలి నేను పడతా."

ఫిలొమెన్ సమాధి రాయి మీద, ఆమె పేరు కింద, సెలెస్తిన్ పేరు మూడు పగళ్ళు కొట్టారు. యూలాలీకి అప్పటికి అరవైమూడేళ్ళు. మోకాళ్ళ కింద గోనెపట్టా వేసుకుని, రెండు చేతులా ఉలి బిగబట్టి కళ్ళు గట్టిగా మూసుకునేది. "కళ్ళు తెరువు, వంకరపోతోంది!" అని ఫుల్క్రాన్ కసిరేవాడు. దెబ్బ తప్పి రెండుసార్లు ఆమె బొటనవేలు చితికింది. దారిన పోయేవాళ్ళు చూసి కొందరు ఆగారు, కొందరు ముఖం తిప్పుకున్నారు, ఎవరూ ఆపలేదు. రెండో రోజు మధ్యాహ్నం పీపాలు చేసే ముసలాయన ఒక సీసాడు వైను తెచ్చి రాయి పక్కన పెట్టి వెళ్ళిపోయాడు.

అక్షరాలు సమంగా రాలేదు. చోటు సరిగ్గా చూసుకోకపోవడంతో 'బార్త్' చివర్లో రెండక్షరాలు ఇరుక్కుపోయి చిన్నవయ్యాయి. చెరిపి మళ్ళీ కొడదామా అన్నాడు ఫుల్క్రాన్. యూలాలీ శాలువా కొసతో రాతిపొడి తుడిచి, ఒక్కో అక్షరాన్నీ వేలితో తడిమి చూసి, చాల్లే అంది.